గుర్తు ఎప్పుడు తిప్పాలి? ఎనిమిదో తరగతి అసమీకరణాలలో ఒక సందేహం

ప్రశ్న: కృష్ణాతీరం

గణితం తెలిసిన పెద్దలందరికీ నమస్కారం. మా అమ్మాయి ఎనిమిదో తరగతి చదువుతోంది. బడిలో ఈ మధ్యనే రేఖీయ అసమీకరణాల పాఠం మొదలుపెట్టారు. సమీకరణాల వరకు ఇంట్లో నేనే కూర్చోబెట్టి చెప్పగలిగాను గానీ, సమానం గుర్తు ఉండవలసిన చోట చిన్నది, పెద్దది గుర్తులు వచ్చేసరికి నాకూ తడబాటు మొదలైంది. మా పదో తరగతిలో లీనియర్ ప్రోగ్రామింగ్ లెక్కల కోసం గ్రాఫు కాగితం మీద గీతలు గీసి, ఏదో ఒక వైపు పెన్సిలుతో రుద్ది మార్కులు తెచ్చుకున్న జ్ఞాపకం ఉంది తప్ప, ఆ వైపే ఎందుకు రుద్దామో అప్పుడూ నాకు తెలియదు.

సందేహానికి కారణమైన లెక్క ఇది. ఫోనులో తెలుగు కీబోర్డు మాత్రమే ఉన్నందువల్ల ఎక్స్‌కు బదులు ‘య’ అని రాస్తున్నాను, మన్నించగలరు.

7 − 3య < 19

అమ్మాయి 7ను అటు పంపి −3య < 12 అని రాసింది. తరువాత −3తో భాగించి య < −4 అని ముగించింది. పుస్తకం చివర ఉన్న జవాబు మాత్రం య > −4. “−3తో భాగించాను కదా నాన్నా, గుర్తు తిప్పడం మరిచిపోయాను” అని వెంటనే చెరిపి దిద్దుకుంది. ఎందుకు తిప్పాలమ్మా అని అడిగితే, “మైనస్ ఉంటే తిప్పాలని చెప్పారు” అంది.

అదే లెక్కను నేను నాకు అలవాటైన పద్ధతిలో చేశాను. −3యను కుడి వైపుకు, 19ని ఎడమ వైపుకు పక్షాంతరం చేస్తే 7 − 19 < 3య అయింది, అంటే −12 < 3య. దానిని 3తో భాగిస్తే −4 < య వచ్చింది. నేను గుర్తును ఎక్కడా తిప్పలేదు, అయినా జవాబు సరిపోయింది.

ఆ తరువాతి లెక్క 5య < −20. ఇందులోనూ మైనస్ కనిపించింది కాబట్టి అమ్మాయి గుర్తు తిప్పి య > −4 అని రాసింది. ఈసారి పుస్తకంలో తిప్పకుండా య < −4 అని ఉంది. రబ్బరుతో ఆ చోట కాగితం చిరిగేదాకా చెరిపి, పెన్సిలు పక్కన పడేసి లేచిపోయింది.

ఒకే లెక్కను ఒక దారిలో చేస్తే గుర్తు తిప్పవలసి రావడం, మరో దారిలో చేస్తే అక్కరలేకపోవడం ఎలా సాధ్యం? సమీకరణాలలో లేని ఈ తిప్పడం ఇక్కడికి ఎక్కడి నుంచి వచ్చింది? పదమూడేళ్ల పిల్లకు బట్టీ పట్టించకుండా దీనిని ఎలా చెప్పాలో దయచేసి వివరించగలరు.

జవాబు: పాత పలక

అయ్యా, జిల్లా పరిషత్ ఉన్నత పాఠశాలల్లో చాలా ఏళ్లు లెక్కలు చెప్పి పదవీ విరమణ చేసినవాణ్ణి కనుక కొంచెం విస్తరంగా రాస్తాను, ఓపిక పట్టండి. మీ అమ్మాయి వెళ్లిన దారి, మీరు వెళ్లిన దారి వేర్వేరుగా కనిపిస్తున్నాయి గానీ, తిప్పడమనే పని మీ దారిలోనూ జరిగింది. మీకు తెలియకుండా జరిగింది, అంతే.

ముందుగా “అటు పంపడం” అనే మాటను కాసేపు పక్కన పెడదాం. ఏ సంఖ్యా ఎటూ పోదు. 7ను అటు పంపామంటే రెండు వైపులా 7 తీసివేశామని అర్థం. ఇలా రెండు వైపులా ఒకే సంఖ్యను కలిపినా, తీసివేసినా ఏది చిన్నది, ఏది పెద్దది అన్న వరస మారదు. 2 < 5 కదా, రెండింటికీ 10 కలిపితే 12 < 15, రెండింటి నుంచీ 10 తీసివేస్తే −8 < −5. సంఖ్యారేఖ మీద ఇద్దరు మనుషులు నిలబడి, ఇద్దరూ ఒకే వైపుకు అన్నే అడుగులు వేస్తే కుడి పక్కన ఉన్నవాడు కుడి పక్కనే ఉంటాడు. ధన సంఖ్యతో గుణించినా, భాగించినా వరస చెడదు. ఇద్దరి మధ్య దూరం సాగుతుంది లేదా కుదించుకుపోతుంది, అంతే.

రుణ సంఖ్యతో గుణించినప్పుడు జరిగేది వేరు. సున్న దగ్గర అద్దం నిలబెట్టినట్టు, కుడి పక్కన ఉన్న ప్రతి సంఖ్యా అంతే దూరంలో ఎడమ పక్కన పడుతుంది. 2 వెళ్లి −2 అవుతుంది, 5 వెళ్లి −5 అవుతుంది. సున్నకు కుడివైపున ఎక్కువ దూరంలో ఉన్న 5, ఇప్పుడు ఎడమవైపున ఎక్కువ దూరంలో ఉన్నది కనుక −5 చిన్నది, −2 పెద్దది. దీనిని పాపచేత కాగితం మీద గీయించి, ఆ కాగితాన్ని సున్న దగ్గర మడిచి చూడమనండి. ఒక్కసారి చేత్తో మడిచిన పిల్ల మళ్లీ మరిచిపోవడం నేను చూడలేదు.

మన భాషలో ఈ సంగతి పేరులోనే ఉంది. బ్రహ్మగుప్తుడు 628లో రాసిన గ్రంథంలో ఈ సంఖ్యలకు ధనం, రుణం అనే పేర్లు పెట్టే కూడికకు, తీసివేతకు, గుణకారానికి నియమాలు చెప్పాడు. ధనమంటే ఆస్తి, రుణమంటే అప్పు. ఒకరి దగ్గర 2,000 రూపాయలు, మరొకరి దగ్గర 5,000 రూపాయలు ఉంటే రెండవవారి పరిస్థితి మెరుగు. ఆ మొత్తాలే అప్పులైతే మొదటివారి పరిస్థితి మెరుగు. అంకెలు అవే, వరస తలకిందులైంది. పిల్లలు ఇప్పుడు మైనస్ అంటున్నారు, తప్పు లేదు, కానీ ఆ మాటలో అప్పు వినిపించదు. అన్నట్టు, మీరు ఎక్స్‌కు బదులు ‘య’ రాసినందుకు మన్నింపు అడగవలసిన పని లేదు. 12వ శతాబ్దంలో భాస్కరాచార్యుడు తెలియని రాశిని ‘యావత్తావత్’ అని పిలిచి, లెక్కలో దానిని ‘యా’ అని కుదించి రాసేవాడు.

ఇక మీ అసలు ప్రశ్న, ఒక దారిలో తిప్పి మరో దారిలో తిప్పకపోవడం. క, గ అనే రెండు సంఖ్యలు తీసుకుందాం. క < గ అని తెలుసు. రెండు వైపులా క తీసివేయండి, 0 < గ − క అవుతుంది. ఇప్పుడు రెండు వైపులా గ తీసివేయండి, −గ < −క అవుతుంది. ఇందులో మనం గుణించలేదు, భాగించలేదు, గుర్తును ముట్టుకోలేదు. వరసను చెడగొట్టదని ఒప్పుకున్న తీసివేతనే రెండుసార్లు చేశాం. అయినా మొదట ఎడమ పక్కన ఉన్న క ఇప్పుడు కుడి పక్కకు, కుడి పక్కన ఉన్న గ ఎడమ పక్కకు వచ్చి చేరాయి. వాటిని మళ్లీ పాత చోట్లలో కూర్చోబెట్టి రాస్తే −క > −గ అవుతుంది. గుర్తు తిప్పడం అంటే ఇదే, రెండు పక్షాంతరాలు ఒకేసారి చేసేందుకు పెట్టుకున్న పొట్టి దారి. మీరు −3యను అటు, 19ని ఇటు మార్చి ఆ రెండు పక్షాంతరాలూ స్వయంగా చేశారు కాబట్టి మీకు పొట్టి దారి అవసరం రాలేదు. అమ్మాయి −3యను ఉన్నచోటనే ఉంచింది కాబట్టి తనకు అవసరమైంది.

సమీకరణాలలో లేనిది ఇక్కడికి ఎక్కడి నుంచి వచ్చిందని అడిగారు. నిజానికి అక్కడా ఉంది. క = గ నుంచి ఇదే పని చేస్తే −గ = −క వస్తుంది, అక్కడా అవి చోట్లు మారాయి. కానీ సమానం గుర్తును ఎటు నుంచి చదివినా ఒకటే కనుక ఆ మార్పు ఎవరి కంటికీ ఆనదు. 1557లో ఈ గుర్తును తెచ్చిన రాబర్ట్ రికార్డ్ ఒకే పొడవున్న రెండు సమాంతర గీతలను ఎంచుకున్నాడు, వాటికంటే సమానమైన వస్తువులు రెండు ఉండవన్నది ఆయన చెప్పిన కారణం. చిన్నది, పెద్దది గుర్తులు అచ్చులో కనిపించింది ఆ తరువాత చాలా కాలానికి, థామస్ హారియట్ మరణించిన పదేళ్లకు, 1631లో లండన్‌లో వెలువడిన ఆయన పుస్తకంలో. ఈ గుర్తులకు ఒక పక్క నోరు, ఒక పక్క ముక్కు ఉన్నాయి. నోరున్న వస్తువును అద్దంలో చూస్తే అది అటు తిరిగి కనిపిస్తుంది.

5య < −20 గురించి ఒక్క మాట. చూడవలసింది భాజకాన్ని, అంటే మనం దేనితో భాగిస్తున్నామో దానిని మాత్రమే. ఇక్కడ భాజకం 5, అది ధన సంఖ్య. −20 పక్కనున్న రుణ గుర్తు −20 సొంత వ్యవహారం, దానితో మనకు నిమిత్తం లేదు. “మైనస్ ఉంటే తిప్పాలి” అని సగం మాట చెప్పి వదిలేయడం వల్ల వచ్చిన చిక్కు ఇది. తరగతిలో పూర్తి మాటే చెప్పి ఉండవచ్చు, పిల్లల చెవికి చేరేసరికి సగమై ఉండవచ్చు.

జవాబు: సున్నాబాబు

మాస్టారి వివరణ చదివాక ఎందుకు అన్నది నాకూ ఇన్నేళ్లకు తెలిసింది, ధన్యవాదాలు. అయితే పరీక్ష హాలులో పిల్లలకు కారణం కంటే ముందు జవాబు సరిచూసుకునే దారి కావాలి. నేను పోటీ పరీక్షలకు చదివే రోజుల్లో వాడిన పద్ధతి చెబుతాను.

గుర్తు సంగతి మరిచిపోయి, మొదట దానిని సమీకరణంలా సాధించాలి. 7 − 3య = 19 అయితే య = −4. ఇది హద్దు. జవాబు ఈ హద్దుకు కుడి పక్కనైనా ఉండాలి, ఎడమ పక్కనైనా ఉండాలి. ఏ పక్కనో తేల్చడానికి యకు సున్న ఇచ్చి అసలు లెక్కలో వేయాలి. 7 < 19, నిజమే. కాబట్టి సున్న ఉన్న పక్కే జవాబు, సున్న −4కు కుడివైపున ఉంది, అందువల్ల య > −4. రెండవ లెక్కలో సున్న వేస్తే 0 < −20 అని వస్తుంది, అది అబద్ధం. కాబట్టి సున్న లేని పక్కే జవాబు, య < −4. రెండు లెక్కలకూ కలిపి అర నిమిషం పట్టదు. ఒకవేళ హద్దే సున్న అయితే 1 వేసి చూడాలి.

ఈ పద్ధతిలో తిప్పడం అన్న మాటే రాదు, మరిచిపోవడానికి ఏమీ ఉండదు.

జవాబు: పాత పలక

సున్నాబాబు గారి పద్ధతి మంచిది, పిల్లలకు తప్పక నేర్పండి. యకు ఘాతం ఒకటే ఉండి, హద్దు ఒక్కటే వచ్చే లెక్కలకు అది ఎప్పుడూ పనిచేస్తుంది. పై తరగతుల్లో యకు ఘాతం రెండు ఉండే వర్గ అసమీకరణాలు వచ్చినప్పుడు సాధారణంగా రెండు హద్దులు వచ్చి రేఖ మూడు ముక్కలవుతుంది కనుక, అక్కడ ఒక్క సున్నతో సరిపెట్టకుండా ముక్క ముక్కలో ఒక్కో సంఖ్యను వేసి చూడాలి. మరొక చిన్న షరతు ఏమిటంటే, సున్నను అసలు లెక్కలోనే వేయాలి. మధ్యలో తప్పుగా రాసుకున్న వరుసలో వేస్తే ఆ తప్పే నిజమని తేలుతుంది.

జవాబు: ఐదో అంతస్తు

నేను లెక్కల మనిషిని కాను, హైదరాబాదులో ఒక అపార్ట్‌మెంటు సంఘానికి కార్యదర్శిగా ఉన్నాను. మా అబ్బాయికి ఇదే పాఠం వచ్చినప్పుడు మా భవనంలోని వస్తువులతోనే చెప్పాను, మీకు ఉపయోగపడవచ్చునని రాస్తున్నాను.

మా మిద్దె మీద 1,000 లీటర్ల ట్యాంకు ఉంది. నిండుగా ఉన్న ట్యాంకు నుంచి నిమిషానికి 40 లీటర్ల చొప్పున నీళ్లు పోతున్నాయని, పైకి నీళ్లు ఎక్కడం లేదని అనుకుందాం. మిగిలిన నీళ్లు 250 లీటర్ల కంటే తగ్గేది ఎప్పుడు? య నిమిషాల తరువాత మిగిలేవి 1000 − 40య, కాబట్టి 1000 − 40య < 250. రెండు వైపులా 1000 తీసివేస్తే −40య < −750. మా అబ్బాయి గుర్తు తిప్పకుండా య < 18.75 అని రాశాడు. నేను తప్పని అనలేదు. “అంటే మొదటి నిమిషంలోనే ట్యాంకులో నీళ్లు 250 లీటర్ల లోపు ఉంటాయా, పంతొమ్మిదో నిమిషం దాటాక మళ్లీ నిండుతుందా?” అని మాత్రం అడిగాను. వాడు కాసేపు ఆలోచించి, “నిమిషాలు పెరిగితే నీళ్లు తగ్గుతాయి, అందుకే అటు తక్కువైతే ఇటు ఎక్కువ” అన్నాడు. రుణ గుణకానికి ఇంతకంటే మంచి వివరణ నాకు తెలియదు. యకు ముందు మైనస్ ఉందంటే య పెరిగేకొద్దీ ఆ మొత్తం తరుగుతోందని అర్థం.

మరో ఉదాహరణ మా లిఫ్టు. దాని లోపల “8 మంది, 544 కిలోలు” అని రేకు మీద చెక్కి ఉంటుంది, మనిషికి 68 కిలోల చొప్పున వేసిన లెక్క అది. ఒకసారి పెళ్లి భోజనాల కోసం 26 కిలోలు తూగే బియ్యం బస్తాలు పైకి చేర్చవలసి వచ్చింది. వాటితో పాటు ఎక్కే కుర్రవాడు 72 కిలోలు. ఒక్కసారికి ఎన్ని బస్తాలు వేయవచ్చు? 72 + 26య ≤ 544, అంటే 26య ≤ 472, అంటే య సుమారుగా 18.15కు మించరాదు. బస్తాను కోసి వేయలేం కనుక జవాబు 18. లెక్క ప్రకారం 18 బస్తాలకు మొత్తం బరువు 540 కిలోలు, 19 వేస్తే 566. ఇక్కడ పాఠంలో రెండు సంగతులు తెలిసివస్తాయి. ఒకటి, 18.15ను 18కి తగ్గించడం సవరింపు కాదు, య పూర్ణాంకమే కావాలన్న షరతు. నిమిషాలైతే 18.75 అని ఉంచుకోవచ్చు, బస్తాలైతే కుదరదు. రెండు, 544 కచ్చితంగా వచ్చినా అనుమతి ఉంది కనుక గుర్తు కింద గీత ఉండాలి.

ఆ రోజు 18 కాదు, 12 మాత్రమే వేయించాను. లిఫ్టు పాతది.

జవాబు: ప్రవాసి అమ్మ

మేము అమెరికాలో ఉంటాము. ఇక్కడ చాలా రాష్ట్రాలు అనుసరించే కామన్ కోర్ ప్రమాణాలలో ఈ పాఠం ఆరవ తరగతిలోనే తొలి రూపంలో పరిచయమై, ఏడవ తరగతిలో రెండు మెట్ల లెక్కల దాకా వస్తుంది. మన దేశంలో ఎన్సీఈఆర్టీ పుస్తకాలలో దీనికి ప్రత్యేక పాఠం పదకొండవ తరగతిలో ఉంది కనుక, మా తరంలో చాలామందికి చిన్నప్పుడు ఇది తగల్లేదు. కృష్ణాతీరం గారి తడబాటు నాకు అందుకే బాగా అర్థమైంది.

మా అమ్మాయికి గుర్తు తిప్పడం రెండు రోజుల్లో వచ్చింది. రానిది మాటల లెక్క. ‘అట్ లీస్ట్’ అని కనిపించగానే లీస్ట్ అంటే తక్కువ కదా అని తక్కువ గుర్తు వేసేది. అప్పుడు నేను ఆ వాక్యాన్ని తెలుగులో చెప్పించడం మొదలుపెట్టాను. “కనీసం 40 మార్కులు రావాలి” అంటే 40 చాలు, 39 చాలవు, 41 అయితే మరీ మంచిది. ఇంకేముంది, య ≥ 40. ‘నో మోర్ దాన్’ అంటే “మించకూడదు”, కనుక ≤. “తగ్గకుండా” అంటే ≥. “18 ఏళ్లు నిండినవారు” అంటే 18 కూడా కలుస్తుంది, “18 దాటినవారు” అంటే కలవదు. ఇంట్లో రోజూ వాడే మాటలు కాబట్టి చెవికే తెలిసిపోతుంది.

అయితే తెలుగులో ఒక బోనూ ఉంది. “ఒక సంఖ్య 12 కంటే తక్కువ” అంటే అసమీకరణం, య < 12. “ఒక సంఖ్య 12 కంటే 5 తక్కువ” అంటే అది సమీకరణం, య = 12 − 5. మధ్యలో ఒక్క అంకె పడగానే వాక్యం స్వభావమే మారిపోయింది. ‘లోపు’ అనే మాట కూడా నాకు ఎప్పుడూ అనుమానమే. “100 లోపు సంఖ్యలు” అన్నప్పుడు 100 లెక్కలోకి వస్తుందా రాదా అన్నది ఇంటింటికీ మారుతుంది. ప్రశ్నపత్రం రాసేవారు ఆ మాటను వాడకుండా ఉంటే బాగుండును.

సంఖ్యారేఖ మీద గీసేటప్పుడు కూడా ఈ సంగతే వస్తుంది. హద్దు కలిసే చోట నిండు చుక్క, కలవని చోట ఖాళీ సున్న. మా అమ్మాయి దానికి తనదైన పేరు పెట్టుకుంది, తలుపు వేసిన ఇల్లు, తలుపు తీసిన ఇల్లు అని. ఏది ఏదో మళ్లీ గుర్తుపెట్టుకోవలసి వస్తుంది కనుక ఆ పేర్లను నేను పెద్దగా ప్రోత్సహించలేదు.

తిరుగు జవాబు: కృష్ణాతీరం

అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు. నిన్న సాయంత్రం మాస్టారు చెప్పినట్టు పొడవాటి కాగితం మీద సంఖ్యారేఖ గీసి, సున్న దగ్గర మడిచాం. ముందు 2ను, 5ను గుండ్రంగా చుట్టి, కాగితం మడిచి, దీపానికి ఎదురుగా పట్టుకుని చూస్తే −2, −5 వాటి మీద పడ్డాయి. అమ్మాయి ఇంకా కొన్ని సంఖ్యలు తనే చుట్టి చూసింది. తరువాత చిరిగిన పేజీని వదిలేసి, కొత్త పేజీలో లెక్కలన్నీ రెండు దారుల్లోనూ చేసింది.

రెండు కొత్త సందేహాలు మిగిలాయి. ఒకటి పుస్తకంలోది: −5 ≤ 3 − 2య < 9. ఇందులో రెండు గుర్తులున్నాయి. అమ్మాయి 3 తీసివేసి −8 ≤ −2య < 6 అని రాసి, −2తో భాగించి 4 ≤ య < −3 అని రాసింది. ఆ తరువాత తనే, 4 కంటే పెద్దదీ −3 కంటే చిన్నదీ అయిన సంఖ్య ఎక్కడ ఉంటుందని అడిగింది. రెండవది అమ్మాయి సొంతంగా అడిగినది: 2య < 5య అని ఇస్తే రెండు వైపులా ఉన్న యను కొట్టివేసి, 2 < 5 ఎప్పుడూ నిజం కాబట్టి అన్ని సంఖ్యలూ జవాబే అనవచ్చా?

జవాబు: పాత పలక

మొదటి లెక్కలో ఆ పిల్లకు వచ్చిన అనుమానమే సరైనది. అలాంటి సంఖ్య లేదు కాబట్టి ఎక్కడో తప్పు దొర్లిందని తనే పట్టుకుంది. −2తో భాగించినప్పుడు రెండు గుర్తులూ తిరగాలి: 4 ≥ య > −3. దీనిని చిన్నది ఎడమ పక్కకు వచ్చేలా తిరగరాస్తే −3 < య ≤ 4. సమానం గీత 4తోనే వెళ్లిందని గమనించమనండి. కాబట్టి రేఖ మీద 4 దగ్గర నిండు చుక్క, −3 దగ్గర ఖాళీ సున్న. యను పూర్ణ సంఖ్యలలో అడిగితే −2 నుంచి 4 వరకు ఏడు జవాబులు. హద్దులను అసలు లెక్కలో వేసి చూసుకోవచ్చు: య = 4 అయితే 3 − 8 = −5, అది అనుమతి ఉన్న విలువే. య = −3 అయితే 3 + 6 = 9, 9 కంటే తక్కువ కావాలి కాబట్టి అది పనికిరాదు.

రెండవ ప్రశ్న అడిగినందుకు పాపను నా మాటగా మెచ్చుకోండి. పై తరగతుల పిల్లలు కూడా అనుమానం లేకుండా కొట్టివేసే చోటు అది. య = −1 వేసి చూడమనండి. 2య విలువ −2, 5య విలువ −5 అవుతాయి, −2 < −5 నిజం కాదు. య = 0 అయితే 0 < 0, అదీ నిజం కాదు. యను కొట్టివేయడమంటే యతో భాగించడం. భాజకం ధనమో రుణమో తెలిస్తేనే గుర్తును ఉంచాలో తిప్పాలో తెలుస్తుంది, య ఏమిటన్నది ఇంకా తెలియదు, పైగా అది సున్న అయితే భాగించనే కూడదు. అందుకని భాగహారం జోలికి పోకుండా, ఎప్పుడూ వరస చెడగొట్టని తీసివేతనే వాడాలి. రెండు వైపులా 2య తీసివేస్తే 0 < 3య, ఇప్పుడు భాజకం 3, కాబట్టి య > 0.

ఇదే పద్ధతిలో 5య < 2య చేయమనండి. జవాబు వచ్చాక రెండింటినీ ఒకే సంఖ్యారేఖ మీద గీసి, ఏ జవాబులోనూ చేరకుండా మిగిలిపోయిన సంఖ్య ఏదో, ఎందుకు మిగిలిపోయిందో తనను చెప్పమనండి.